క్షమాపణ సరే, పిల్లల వాటా ఏది?

కెనడాలో రిజర్వుల్లో, అంటే ఆదివాసులకు కేటాయించిన ప్రాంతాల్లో, పెరిగే పిల్లల సంక్షేమానికి ఫెడరల్ (కేంద్ర) ప్రభుత్వం ఇచ్చే సొమ్ము, మిగతా పిల్లలకు అందేదానికన్నా తక్కువగా ఉండేది. ఇది వివక్షేనంటూ గిట్‌క్సాన్ తెగకు చెందిన బాలల హక్కుల ఉద్యమకారిణి సిండీ బ్లాక్‌స్టాక్ 2007లో, ఆదివాసీ తెగల జాతీయ సంఘమైన అసెంబ్లీ ఆఫ్ ఫస్ట్ నేషన్స్‌తో కలిసి, మానవ హక్కుల కమిషన్ మెట్లెక్కారు. అప్పటి నిధుల పద్ధతి చూస్తే కడుపు రగిలిపోతుంది. కష్టాల్లో ఉన్న కుటుంబాన్ని ఆదుకోవడానికి చాలినంత డబ్బు వచ్చేది కాదు. అదే బిడ్డను తల్లి ఒడి నుంచి తీసుకెళ్లి పరాయి ఇంట్లో ఉంచితే మాత్రం అయిన ఖర్చంతా సర్కారే చెల్లించేది. 2021 జనగణనలో పదిహేనేళ్లలోపు పిల్లల్లో ఆదివాసులు 7.7 శాతమే, పెంపుడు సంరక్షణలో ఉన్నవారిలో 53.8 శాతం వాళ్లే!

రెసిడెన్షియల్ స్కూళ్ల పేరిట తరతరాల పిల్లలను ఇళ్లకు దూరం చేసినందుకు 2008 జూన్‌లో ప్రధాని హార్పర్ పార్లమెంటులో క్షమాపణ చెప్పారు. ఆ ప్రభుత్వమే ఈ ఫిర్యాదును విచారణకు రాకుండా ఆపాలని చూసింది. అధికారులు బ్లాక్‌స్టాక్ ఫేస్‌బుక్ పేజీపైనా నిఘా పెట్టారు. గోప్యతా కమిషనర్ 2013లో దాన్ని తప్పుపట్టారు. బ్లాక్‌స్టాక్ వెనకడుగు వేయలేదు. 2016 జనవరి 26న మానవ హక్కుల ట్రైబ్యునల్ తీర్పు చెప్పింది: జరిగింది వివక్షే.

జోర్డన్ రివర్ ఆండర్సన్‌ను ఇక్కడ తలచుకోవాలి. పుట్టుకతోనే తీవ్ర అనారోగ్యం ఉన్న మానిటోబా రాష్ట్రపు క్రీ తెగ బాలుడు. ఇంటి దగ్గరి వైద్యం ఖర్చు ఎవరు భరించాలని ఫెడరల్, మానిటోబా ప్రభుత్వాలు వాదులాడుకుంటుండగా రెండేళ్లకు పైగా అనవసరంగా ఆసుపత్రిలోనే ఉండిపోయాడు. 2005లో, అయిదేళ్ల వయసులో, అక్కడే కన్నుమూశాడు. ముందు బిడ్డకు సేవ అందించాలి, లెక్కలు తర్వాత తేల్చుకోవాలన్న సూత్రానికి అతని పేరే పెట్టారు. పార్లమెంటు దిగువ సభ 2007లో ఏకగ్రీవంగా ఆమోదించింది. దాన్ని సరిగ్గా అమలు చేయమని ట్రైబ్యునల్ పదేపదే ఆదేశాలివ్వాల్సి వచ్చిందంటే, ఆ ఏకగ్రీవానికి విలువేమిటి?

నష్టపరిహారంపైనా ఇదే తీరు. ఒక్కో బాధితునికి 40,000 డాలర్లు ఇవ్వాలని 2019లో ట్రైబ్యునల్ చెబితే, అప్పటి ప్రధాని ట్రూడో సర్కారు కోర్టుకెళ్లింది. 2021 సెప్టెంబరు 29న ఫెడరల్ కోర్టు ఆ అభ్యర్థనను తోసిపుచ్చింది. ఆ మర్నాడే దేశం తొలి ‘సత్యం, సయోధ్య’ దినం పాటించింది. చివరికి 2,300 కోట్ల డాలర్లకు పైబడిన పరిష్కారానికి 2023లో కోర్టు ఆమోదం లభించింది.

డబ్బుతో బాల్యం తిరిగిరాదు. ఇకముందు ఏ బిడ్డా ఇల్లు విడిచి వెళ్లకూడదన్నదే బ్లాక్‌స్టాక్ పట్టుదల, మా అభిప్రాయమూ అదే. సంస్కరణల కోసం పదేళ్లకు 4,780 కోట్ల డాలర్లిస్తామన్న ఒప్పందాన్ని 2024 అక్టోబరులో ఫస్ట్ నేషన్స్ నాయకులు తిరస్కరించారు. పదకొండో ఏట పుట్టే బిడ్డకు భరోసా ఎవరిస్తారన్న ప్రశ్నకు ఒటావాలోని ఫెడరల్ సర్కారు జవాబు చెప్పాలి. అక్కడ పన్నులు కడుతూ ఓట్లేస్తున్న తెలుగువారూ తమ ఎంపీలను ఈ మాట అడగాలి. గడువు మెలిక లేకుండా, ట్రైబ్యునల్ ఆదేశాలను యథాతథంగా అమలు చేయాలి.