గడువు పెట్టారు సరే, పర్మిషన్ వచ్చినట్టు కాదు

స్కూల్ గుర్తింపు అప్లికేషన్ ఏదో ఒకటి తేల్చమని హైకోర్టు గవర్నమెంట్‌కి గడువు పెట్టిందన్న వార్త చూసి మా వాట్సాప్ గ్రూపులో అందరూ ఇంక పర్మిషన్ వచ్చేసినట్టే అంటున్నారు, అది కాదండీ. రాజ్యాంగం 226 ఆర్టికల్ కింద హైకోర్టులో వేసే ఇలాంటి రిట్ పిటిషన్లలో కోర్టు మామూలుగా గుర్తింపు ఇచ్చెయ్యమనదు, రూల్స్ ప్రకారం చూసి ఇస్తారో లేదో చెప్పండి అంటుంది అంతే. రిజెక్ట్ చేసినా ఆర్డర్ పాటించినట్టే. అయినా అదే నయం, కారణం రాసి కాగితం చేతికిస్తే దాని మీద కొట్లాడొచ్చు, ఏమీ చెప్పకుండా కూర్చుంటే దేని మీద పోతాం?

నేను ఓ చిన్న ప్రైవేట్ స్కూల్లో ఆఫీస్ పని చూశాను. ఫైర్ ఎన్ఓసీ (అగ్నిమాపక శాఖ అభ్యంతరం లేదని ఇచ్చే కాగితం), బిల్డింగ్ సర్టిఫికెట్, శానిటరీ సర్టిఫికెట్, లీజు కాగితాలు అన్నీ పెట్టి ఇచ్చాం, ఫైల్ కదిలేలోపు శానిటరీది డేట్ అయిపోయింది, అది మళ్ళీ తెచ్చేసరికి ఫైర్‌ది అయిపోయింది. ఆలస్యం వాళ్ళది, తిరుగుడు మాది. ఇంకోపక్క విద్యాహక్కు చట్టం 18వ సెక్షన్ చూస్తే గుర్తింపు లేకుండా నడిపినందుకు లక్ష దాకా ఫైన్, ఆపకపోతే రోజుకి 10 వేలు. గుర్తింపు రాక పదో తరగతి పిల్లలతో వేరే స్కూల్ పేరు మీద పరీక్ష రాయించాం (తప్పే, కాదనను). మెమో చూసి ఒకమ్మాయి "సార్, ఇది మన స్కూల్ పేరు కాదు కదా" అంది.

గడువు దాటితే మళ్ళీ కోర్టు ధిక్కరణ కేసు వేసుకోవాలి, దానికి మళ్ళీ లాయర్ ఫీజు. మా స్కూల్ నడిపే కరస్పాండెంట్ అక్కడే ఆగిపోయాడు.