గొంతులో తేనె కారాలట!

గవర్నర్‌పేటలో మొన్నొక సభ. అంధుల సేవ కోసమట. శాలువాలయ్యాక ఒక కుర్రాడు, మాలాంటి చూపులేనివాళ్లకు బిల్లులూ అవీ చదివిపెట్టే కొత్త యాప్ వినిపించాడు. ఏం గొంతండీ! వాక్యానికి ముందు ఊపిరి తీస్తుంది, కామా దగ్గర ఆగుతుంది, కరెంటు బిల్లు చదువుతూ చిన్నగా నవ్వుతుంది కూడా. కరెంటు బిల్లు చూసి నవ్వే మనిషి బెజవాడ మొత్తంలో ఉంటే చూపించండి. ముఖ్య అతిథిగారు కళ్లు తుడుచుకున్నారట, పక్కాయన చెప్పాడు.

సరిగ్గా అప్పుడే నా ఫోన్లో తెర మీది రాతను పైకి చదివే ఈస్పీక్ అనే కంప్యూటర్ గొంతు గరగరమంది. "ఇంకా ఈ రోబో గొంతేనా మాస్టారూ, పాపం!" అన్నాడు కుర్రాడు.

పాపం ఎందుకు నాయనా? అది ఎవరో చదివిన మాటలు కోసి అతికించింది కాదు. నోట్లో గాలి ఎలా మోగితే ఏ అచ్చు పలుకుతుందో లెక్కగట్టి అప్పటికప్పుడు ధ్వని పుట్టిస్తుంది. అందుకే కొద్ది ఎంబీల్లో తెలుగుతో సహా వంద పైచిలుకు భాషలు ఇముడుతాయి, నెట్ అక్కర్లేదు, వేలు తగలగానే పలుకుతుంది. కంప్యూటర్లో మాకు తెర చదివిపెట్టే ఎన్‌వీడీఏ అనే సాఫ్ట్‌వేర్‌తో పాటు ఉచితంగా వచ్చేదీ ఇదే. మాట పోయి యంత్రం గొంతుతోనే మాట్లాడిన శాస్త్రవేత్త స్టీఫెన్ హాకింగ్ అయితే డెన్నిస్ క్లాట్ అనే పరిశోధకుడి గొంతు ఆధారంగా చేసిన 1980ల నాటి స్వరాన్నే, తర్వాత మెరుగైనవి ఎన్నొచ్చినా, 2018లో పోయేదాకా వదల్లేదు. ఆయన్ని కూడా పాపం అనండి మరి.

"స్పీడు మూడింతలు చెయ్యి బాబూ" అన్నాను. నేను పేపర్లు చదివేది ఆ స్పీడులోనే. చేశాడు. ఊపిరీ నవ్వూ బిల్లూ కలిసిపోయి, ఆ తేనె గొంతు సంతలో తప్పిపోయిన మేకపిల్లలా అరిచింది. నా గరగర మాత్రం అదే స్పీడులో అంకెతో సహా బిల్లు అప్పజెప్పింది. హాల్లో చప్పట్లు, ఎవరికో తెలీదు.

సరే, ఆ యాప్ నా ఫోన్లో వేయించుకుని తెరిచాను. "బటన్. బటన్. బటన్." ఒక్కదానికీ పేరు లేదు! ఏది నొక్కితే డబ్బు కట్టినట్టో, ఏది నొక్కితే రద్దయినట్టో ఆ దేవుడికే తెలియాలి. గొంతుకు నవ్వు నేర్పడానికి నెలల తరబడి తీరిక దొరికిందే, బటన్‌కు రెండు ముక్కలు రాయడానికి దొరకలేదా? 2016లోనే చట్టం వచ్చింది, డిజిటల్ సేవలు మాకూ అందాలని. శాలువా కప్పడానికి మా భుజాలు కావాలి గానీ, తయారుచేసేటప్పుడు మాలో ఒక్కరినైనా పిలిచి అడగరు. సిగ్గుండాలి!

రాత్రి ఫోన్‌కు మెసేజ్ వచ్చింది, అభిప్రాయం తెలపమని లింకుతో. రాసి పంపబోతే, నేను మనిషినని నిరూపించుకోవాలట: కింది బొమ్మల్లో బస్సులున్నవి గుర్తించండి.