ఫైలు కదలని రెండేళ్లకి సంతకం ఎవరిది?

గుంటూరు బ్రాడీపేటలో మా పక్క వీధిలో ఒక రిటైర్డ్ ఇంజనీరు గారున్నారు. పేరు, శాఖ ఇక్కడ వద్దు. ఎప్పుడో వేసిన రోడ్డు పనిలో కొలతలు ఎక్కువ రాశారని ఆయనకి చార్జ్ మెమో, అంటే ఫలానా తప్పు చేశావంటూ శాఖ ఇచ్చే అభియోగ పత్రం, ఇచ్చారు. ఎప్పుడు ఇచ్చారంటే పని అయిపోయిన ఆరేళ్లకి, రిటైర్మెంట్ ఇంకో నాలుగు నెలలు ఉందనగా. సమాచార హక్కు కింద తెచ్చుకున్న నోట్ ఫైల్ జిరాక్సులు మొన్న నాకు చూపించారు. ఒక పేజీలో ‘చర్చించాలి’ అన్న ఒక్క ముక్క, కింద పొట్టి సంతకం, తేదీ. ఆ తర్వాతి పేరా తేదీ చూస్తే రెండేళ్ల రెండు నెలల తేడా. రెండింటి మధ్య రెండు వేళ్లు పట్టేంత ఖాళీ కాగితం. “ఇదిగో బాబూ, నా గ్రాట్యుటీ ఇక్కడుంది” అని ఆ ఖాళీ మీద వేలు పెట్టారు.

ఆయన తప్పు చేశారో లేదో నాకు తెలియదు. నిజానికి ఇప్పుడు ఎవరికైనా ఎలా తెలుస్తుంది? ఎం-బుక్ (పని కొలతలు రాసే పుస్తకం) దొరకడం లేదంటున్నారు, కాంట్రాక్టరు పోయాడు, ఆ రోడ్డు మీద ఇప్పటికి రెండుసార్లు కొత్త తారు పడింది. కొలతలు చూడాలంటే ఆ ఏడాదే చూడాలి కదా!

రూల్స్ లేవా అంటే ఉన్నాయి. ప్రభుత్వ ఉద్యోగుల మీద క్రమశిక్షణ చర్యల గురించిన 1991 నాటి సీసీఏ రూల్స్‌లో విచారణ ఎలా చేయాలో మెట్టుమెట్టుగా రాసి ఉంది. మామూలు కేసులు మూడు నెలల్లో, చిక్కు కేసులు అయిదారు నెలల్లో తేల్చాలని 2008లో సాధారణ పరిపాలన శాఖ జీవో కూడా ఇచ్చింది. కానీ గడువు దాటితే ఏమవుతుంది? ఏమీ కాదు. ఉద్యోగి పది రోజుల్లో జవాబు ఇవ్వకపోతే ‘చెప్పుకోవడానికి ఏమీ లేదు’ అని రాసేస్తారు, ఫైలు మీద రెండేళ్లు కూర్చున్నవాళ్లకి మాత్రం రిమైండర్ వస్తే ఎక్కువ.

రిటైర్మెంట్ ముందు ఈ మెమోల హడావుడి ఎందుకో 1980 పెన్షన్ రూల్స్ చూస్తే అర్థమవుతుంది. రిటైరయ్యాక కొత్తగా చర్య మొదలుపెట్టాలంటే ఆ ఘటన నాలుగేళ్ల లోపుది అయి ఉండాలి. సర్వీసులో ఉండగా మొదలుపెడితే ఆ అడ్డు లేదు. అంటే ఆరేళ్లు పడుకున్న ఫైలుని ఆఖరి నెలల్లో లేపి మెమో చేతిలో పెట్టేస్తే చాలు, రిటైరయ్యాక కూడా విచారణ సాగించుకోవచ్చు. అది తేలేదాకా ఆయనకి ప్రొవిజనల్ (తాత్కాలిక) పెన్షన్ ఇస్తారు, గ్రాట్యుటీ మాత్రం ఆపేస్తారు. తప్పు రుజువు కాకుండానే శిక్ష మొదలైపోయినట్టే.

ఇంకో వైపు కూడా చెప్పాలి. నిజంగా తిన్నవాళ్లకి ఈ ఆలస్యం వరం. ఏళ్లు గడిచేకొద్దీ సాక్షులు మర్చిపోతారు, రికార్డులు మాయమవుతాయి, అప్పుడు కోర్టుకెళ్లి ఆలస్యం అనే ఒక్క పాయింటు మీద మొత్తం కొట్టేయించుకోవచ్చు. మన రాష్ట్రం నుంచే వెళ్లిన రాధాకిషన్ కేసు ఉంది. 1987 నాటి ఏసీబీ నివేదిక మీద 1995లో మళ్లీ మెమో ఇచ్చారు, ఆ ఆలస్యానికి ప్రభుత్వం సరైన కారణం చూపలేకపోయింది, 1998లో సుప్రీంకోర్టులో ఓడిపోయింది. అంతకుముందు 1990లో మధ్యప్రదేశ్ బానీసింగ్ కేసులోనూ పన్నెండేళ్ల ఆలస్యానికి సర్కారు దగ్గర జవాబు లేదు. అలాగని ఆలస్యమైన ప్రతి కేసూ కొట్టేయరు. 1995 నాటి చమన్‌లాల్ గోయల్ కేసులో అయిదున్నరేళ్లు ఆలస్యమైనా విచారణ సాగనిచ్చారు. ఆరోపణ ఎంత పెద్దది, ఆలస్యానికి కారణం ఏమిటి, ఉద్యోగికి జరిగిన నష్టం ఎంత అని కోర్టు తూకం వేస్తుంది. ఆ తూకం కోసం పక్కనే ఉన్న నేలపాడు హైకోర్టు దాకా వెళ్లడానికి కూడా లాయరు ఫీజు కావాలి, అదీ ప్రొవిజనల్ పెన్షన్‌లోంచే.

2015లో ప్రేమ్‌నాథ్ బాలి కేసులో సుప్రీంకోర్టు శాఖాపరమైన విచారణ ఆరు నెలల్లో, తప్పనిసరైతే ఏడాదిలో ముగించాలని చెప్పింది. (అందులో తొమ్మిదేళ్లకు పైగా సస్పెన్షన్‌లో ఉన్నది ఢిల్లీలో ఒక కోర్టు ఉద్యోగే. ఎవర్నని ఏం లాభం!)

స్టాఫ్ లేరు, రాష్ట్రం విడిపోయి ఫైళ్లు హైదరాబాద్ నుంచి వెలగపూడికి వచ్చేసరికి కొన్ని చెదిరాయి అంటారు. ఉండొచ్చు. కానీ సచివాలయం ఇక్కడికి వచ్చింది 2016లో. ఎన్నాళ్లు చెప్తారు ఆ మాట? నాకు తెలిసినంతలో అసలు సంగతి వేరు. పెండింగ్ ఫైలు పైవాళ్లకి సుఖం. తేల్చేస్తే ఎవరో ఒకరికి కోపం, తేల్చకపోతే ఉద్యోగి గుప్పిట్లో ఉంటాడు, ప్రమోషన్ టైముకి వచ్చి నిలబడతాడు.

అందుకే కొత్త జీవోలు అక్కర్లేదు. గడువు దాటిన ప్రతి కేసులో ఫైలు ఏ సీటులో ఎన్ని రోజులు ఆగిందో తుది ఉత్తర్వులో రాయాలి, ఆ సీటులో కూర్చున్నవాళ్ల పేరుతో సహా. కారణం చెప్పలేకపోతే వాళ్లకీ అవే సీసీఏ రూల్స్ కింద మెమో ఇవ్వాలి. ఇప్పుడు ఫైళ్లు కంప్యూటర్‌లోనే నడుస్తున్నాయి కాబట్టి రోజులు లెక్కపెట్టడం పెద్ద పనేం కాదు.

మా ఇంజనీరు గారి ఎంక్వయిరీ ఆఫీసరు కూడా పోయిన నెల రిటైరయ్యారు. కొత్తాయన్ని వేసే ఫైలు పైకి వెళ్లిందట. సోమవారం రెగ్జిన్ బ్యాగు భుజాన వేసుకుని మంగళగిరి మీదుగా వెలగపూడి వెళ్లొచ్చారు, అది ఎవరి దగ్గరుందో కనుక్కోవడానికి.