గడువు పెడితే సరిపోదు
పెండింగు పన్ను అప్పీళ్లకు హైకోర్టు గడువు పెట్టింది కాబట్టి వ్యాపారుల కష్టం తీరినట్టేనని ఈమధ్య వచ్చిన ఒక వ్యాసంలో రాశారు. నేను సగమే ఒప్పుకుంటాను. జీఎస్టీ చట్టం 107వ సెక్షన్ ఏడాదిలోపు అప్పీలు తేల్చమనే చెబుతోంది, కానీ వీలైతేనే అని. అందుకే కోర్టు కలగజేసుకోవాల్సి వస్తోంది. మాది ఒడిశాలోని రాయగడలో కిరాణా హోల్‌సేల్, సరుకు ఎక్కువగా ఆంధ్రలోని పార్వతీపురం, విజయనగరం నుంచి వస్తుంది. అటువైపు సప్లయరు జీఎస్టీ రిటర్ను వేయలేదని మా ఇన్‌పుట్ క్రెడిట్ (సరుకు కొన్నప్పుడు కట్టిన పన్నును మేం కట్టాల్సిన పన్నులోంచి తగ్గించుకునే వీలు) అధికారులు రద్దు చేశారు. మేం అతనికి పన్నుతో సహా బ్యాంకు ద్వారానే కట్టాం, అయినా సరే. వివాదంలో ఉన్న పన్నులో 10 శాతం ముందే కట్టి అప్పీలు వేస్తే, హియరింగ్ వాయిదా పడుతూనే ఉంది. చివరికి ఓడిపోతే వాడుకున్న క్రెడిట్ మీద 18 శాతం వడ్డీ మా నెత్తినే, ఆలస్యం ఎవరిదైనా. కాబట్టి గడువు వద్దనను. గడువు ముంచుకొచ్చాక నాలుగు లైన్లలో అప్పీలు కొట్టేసి చేతులు దులుపుకుంటారేమోనన్నదే మా టెన్షన్. అప్పుడు ఆ పై అప్పీలు వినే ట్రిబ్యునల్‌కి వెళ్లాలంటే మరో 10 శాతం ముందే కట్టాలి, అది ఉన్న కటక్‌కి రాత్రంతా రైలు (వకీలు ఫీజు సంగతి సరేసరి). ఆర్డరులో కారణాలు రాయాలని అదే సెక్షన్‌లో ఉంది. గడువుతో పాటు ఆ మాట కూడా కోర్టు గట్టిగా చెప్పాలి. పన్ను ఎగ్గొట్టిన సప్లయరు మీద ముందు ఏం చర్య తీసుకున్నారో కూడా అధికారులను అడగాలి.