నైట్రేట్ రీలు గారికి ఓ బహిరంగ లేఖ

నిప్పు తగిలితే భగ్గుమనే పాతకాలపు సినిమా రీలు, మహారాజశ్రీ నైట్రేట్ ఫిల్ము రీలు గారికి నమస్కరించి రాయునది. ఇక్కడ మేమంతా క్షేమం. తమరు కాలి బూడిదయ్యారు కాబట్టి అక్కడి క్షేమం అడగడం బాగుండదు.

టరాంటినో 2009లో తీసిన ‘ఇన్‌గ్లోరియస్ బాస్టర్డ్స్’లో తమ ప్రతాపం చూశాను. 1944, ప్యారిస్‌లో సినిమా హాలు. ఇంటిల్లిపాదినీ నాజీలు చంపేయగా ఒక్కతే మిగిలిన షోషానా మిమ్మల్ని తెర వెనక గుట్టగా పోయించింది. హిట్లర్, నాజీ పెద్దలు లోపల సినిమా చూస్తుండగా తలుపులు బిగించేశారు. సిగరెట్ ముక్క ఒకటి పడిందో లేదో, భగ్గుమన్నారు. నీళ్లలో ముంచినా ఆరరట కదా మీరు! హిట్లర్ మీద తూటాలు కురిపించింది వేరేవాళ్లే అనుకోండి, అయినా క్రెడిట్ మీకే. అసలు చరిత్రలో ఆ పెద్దమనిషి 1945 ఏప్రిల్ 30 దాకా ఉండి, బంకర్‌లో తన చేత్తోనే తాను పోయాడు. ఆ లోటు మీరు తీర్చారు. ఈల వేశాను. అబద్ధమెందుకు, రెండుసార్లు వేశాను.

ఈలలోనే ఓ చిక్కు వచ్చిపడింది. ఆ హాల్లో ఆడుతున్నదీ యుద్ధం సినిమానే. జర్మన్ స్నైపర్ ఒకడు ఎత్తున కూర్చుని శత్రువుల్ని పిట్టల్లా కాలుస్తుంటే హిట్లర్ పగలబడి నవ్వుతున్నాడు. మనుషులు చస్తుంటే నవ్వేంటి, ఛీ, అనుకున్నాను. కాసేపటికి గౌన్లు వేసుకొచ్చిన ఆడవాళ్లు పొగలో తలుపులు బాదుతున్నారు. అప్పుడు నా పళ్లు ముప్పైరెండూ బయటే ఉన్నాయి.

మీకు తెలియని వడ్రంగి ఒకాయన ఉన్నాడు, గేయోర్గ్ ఎల్జర్. పగ కూడా కాదు, యుద్ధం ఆగాలని ఆయన కోరిక. మ్యూనిక్‌లో హిట్లర్ ప్రసంగించబోయే ఓ బీరు హాల్లో ముప్పైకి పైగా రాత్రులు దాక్కుని, మోకాళ్ల మీద కూర్చుని, స్తంభం తొలిచి బాంబు పెట్టాడు. 1939 నవంబర్ 8న అది అనుకున్న టైముకే పేలింది. హిట్లర్ 13 నిమిషాల ముందే వెళ్లిపోయాడు. ఎనిమిది మంది పోయారు. వాళ్లలో అక్కడ పనిచేసే వెయిట్రెస్ ఒకామె. ఎల్జర్‌ని 1945 ఏప్రిల్‌లో డాకౌ నాజీ నిర్బంధ శిబిరంలో కాల్చేశారు. ఆయన కథ చదివినప్పుడు ఈల రాలేదు. ఆ వెయిట్రెస్ అడ్డొచ్చింది. మీ హాల్లో ఐస్‌క్రీమ్ అమ్మే పిల్ల ఉందో లేదో నేను చూడనే లేదు. మీరూ చూపించలేదు.

ఇట్లు,
రెండు ఈలలవాడు

తా.క.: సినిమా అవ్వగానే, ఎందుకైనా మంచిదని, ఎగ్జిట్ తలుపు ఒకసారి తోసి చూశాను. తెరుచుకుంది.