క్యాష్ తుడిచేస్తే కుదుపులు పెరుగుతాయి
ఎమ్యులేటర్‌లో (కన్సోల్ ఆటల్ని పీసీ మీద నడిపించే ప్రోగ్రామ్) ఆట ఆగి ఆగి నడుస్తుంటే షేడర్ క్యాష్ డిలీట్ చేయమని ఒక వ్యాసంలో రాశారు. షేడర్ అంటే తెరమీద బొమ్మ ఎలా గీయాలో గ్రాఫిక్స్ చిప్‌కి (జీపీయూ) చెప్పే చిన్న ప్రోగ్రామ్; ఒకసారి తయారైనవాటిని దాచిపెట్టేదే క్యాష్. మామూలుగా జరిగేది దీనికి రివర్స్. 60 ఎఫ్‌పీఎస్ (సెకనుకి 60 ఫ్రేములు) ఆటలో ఒక్కో ఫ్రేమ్‌కి దొరికేది సుమారు 16.7 మిల్లీసెకన్లే. కొత్త ఎఫెక్ట్ తెరమీదికి వచ్చినప్పుడు కన్సోల్ షేడర్‌ని మన జీపీయూకి తగ్గట్టు మార్చి, డ్రైవర్‌తో కంపైల్ చేయించేసరికి ఆ గడువు దాటిపోతుంది. కుదుపు అదే. క్యాష్ ఉంటే రెండోసారి ఆ పని ఉండదు.

వీ యూ ఆటల ఎమ్యులేటర్ సెమూలో షేడర్‌క్యాష్ కింద ఉండే ట్రాన్స్‌ఫరబుల్ ఫోల్డర్‌ని మాత్రం ముట్టుకోకండి, వీలైతే కాపీ తీసి దాచుకోండి. డ్రైవర్ అప్‌డేట్ అయ్యాక మొదటి లోడింగ్ బాగా నెమ్మదిస్తే కంగారు వద్దు, అందులోంచే మళ్ళీ కంపైల్ అవుతోంది.

గేమ్‌క్యూబ్, వీ ఆటల ఎమ్యులేటర్ డాల్ఫిన్ వాడేవాళ్ళకి 2017లో వచ్చిన హైబ్రిడ్ ఊబర్‌షేడర్స్ మంచి ఆప్షన్: అసలు షేడర్ వెనక తయారయ్యేదాకా ఒక పెద్ద సార్వత్రిక షేడర్ బండి లాగిస్తుంది. ఎప్పుడూ ఆ పెద్ద షేడర్‌నే వాడే ఎక్స్‌క్లూజివ్ ఆప్షన్ జోలికి మాత్రం పాత ఇంటిగ్రేటెడ్ గ్రాఫిక్స్ వాళ్ళు పోవద్దు, జీపీయూ మీద భారం చాలా ఎక్కువ. షేడర్ తయారయ్యేదాకా ఆ బొమ్మని గీయకుండా వదిలేసే స్కిప్ డ్రాయింగ్ పెడితే కుదుపు పోతుంది గానీ బొమ్మలు కాస్త ఆలస్యంగా ప్రత్యక్షమవుతాయి, నాకైతే అది ఇంకా చిరాకు.

అదే చోట ప్రతిసారీ కుదుపు వస్తుంటే అనుమానించాల్సింది షేడర్‌ని కాదు, ముందు సీపీయూ వాడకం చూడండి.