ఒక్క ముక్కతో అనర్హత

ఎవరికి అర్హత ఉందో చూసే సాంకేతిక బిడ్ల పరిశీలన ముగిసిన సాయంత్రం ప్రభుత్వ టెండరు పోర్టల్లో ఒకే ఒక్క ముక్క కనిపిస్తుంది: 'అనర్హం'. ఏ కాగితం లోపించిందో, ఏ నిబంధన తప్పిందో ఉండదు. అర్హులు పనికి ఎంత అడిగారో చెప్పే ధరల బిడ్లు మాత్రం చకచకా తెరుచుకుంటాయి. వేటుపడిన గుత్తేదారు హైకోర్టు మెట్లెక్కేసరికి మరొకరితో ఒప్పందం పూర్తయి, పనిచోట యంత్రాలు దిగి ఉంటాయి. కోర్టు కేసులవల్లే పనులు ఆగుతున్నాయని అధికారులు వాపోతారు గానీ, చాలా కేసులకు బీజం ఆ ఒక్క ముక్కలోనే ఉంటుంది.

టెండర్లలో న్యాయసమీక్ష, అంటే అధికారుల నిర్ణయంపై కోర్టు విచారణ, దారి ఇరుకైనదే. నిర్ణయాన్ని కాదు, నిర్ణయం తీసుకున్న తీరునే చూస్తామని 1994లో టాటా సెల్యులార్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. కోర్టు జోక్యం చేసుకోవాలంటే దురుద్దేశమో, బాధ్యత తెలిసిన ఏ అధికారీ చేయనంతటి అసంబద్ధతో ఉండాలని, ప్రజాప్రయోజనం దెబ్బతినాలని 2006లో జగదీశ్ మండల్ తీర్పు చెప్పింది. తప్పు కనబడినా పని ఆపకుండా పిటిషనర్‌ను నష్టపరిహారం వైపు పంపడమే మేలని 2022లో ఎన్.జి. ప్రాజెక్ట్స్ తీర్పు ఇంకా బిగించింది. ఈ నిగ్రహం సబబే. బిడ్ పోయిన ప్రతివారికీ అన్యాయం జరిగినట్టు కాదు.

చిక్కంతా కాగితాల లోపం దగ్గరుంది. వారణాసి డీజిల్ లోకోమోటివ్ వర్క్స్ తుక్కు టెండరులో ధరావతును (బిడ్‌తో పాటు కట్టే హామీ సొమ్మును) నగదుగానో, స్టేట్ బ్యాంకు డ్రాఫ్టుగానో కట్టమన్నారు. పొద్దార్ స్టీల్ సంస్థ యూనియన్ బ్యాంకు ధ్రువీకరించిన చెక్కు ఇచ్చింది. అది అనుబంధ షరతు మాత్రమే, సడలించవచ్చని 1991లో సుప్రీంకోర్టు అంది. అదే కోర్టు 2016లో సెంట్రల్ కోల్‌ఫీల్డ్స్ కేసులో, నిర్దేశించిన నమూనాలో లేని బ్యాంకు గ్యారంటీని తోసిపుచ్చడం సరైనదేనంది. ఏది ముఖ్య షరతో తేల్చే హక్కు టెండరు పిలిచినవారిదే. అలాంటప్పుడు ఏ లోపం బిడ్‌ను చంపుతుందో, దేనికి వివరణ అడుగుతారో టెండరు పత్రంలోనే ముందుగా రాయడానికి అడ్డేమిటి?

బ్లాక్‌లిస్టులో పెట్టడం, అంటే కొంతకాలం టెండర్లకే దూరం పెట్టడం, వేరు. ఒక టెండరు పోతే ఒక పని పోతుంది. బ్లాక్‌లిస్టులో పడితే బతుకుదెరువే పోతుంది. అందుకే ఇక్కడ కోర్టుల చూపు కటువు. ముందు వాదన వినాలని 1974లోనే ఎరూషియన్ ఎక్విప్‌మెంట్ తీర్పు చెప్పింది. బ్లాక్‌లిస్టు చేయబోతున్నట్టు షోకాజ్ నోటీసులోనే తెలియాలని 2014లో గూర్ఖా సెక్యూరిటీ తీర్పు స్పష్టం చేసింది. అయినా భారత ఆహార సంస్థ (ఎఫ్‌సీఐ) ఆ మాట లేని నోటీసుతో యూఎంసీ టెక్నాలజీస్‌ను ఐదేళ్లు దూరం పెట్టింది. 2020లో ఆ ఉత్తర్వు కొట్టుడుపోయింది. శాఖల స్థాయిలో విధించే నిషేధం రెండేళ్లు దాటరాదని కేంద్ర సాధారణ ఆర్థిక నియమాల్లోని 151వ నియమం అంటోంది. గుత్తేదారుతో పాత తగవును మనసులో పెట్టుకుని, నోటీసు తప్పించుకోవడానికి కొత్త టెండరులో 'అనర్హం' అని రాసేయడం దొడ్డిదారి బ్లాక్‌లిస్టే.

ఉత్తర్వులో లేని కారణాలను తర్వాత కోర్టుకిచ్చే కౌంటర్ అఫిడవిట్‌లో (జవాబు ప్రమాణపత్రంలో) అతికిస్తే చెల్లదని 1977 నాటి మొహిందర్ సింగ్ గిల్ తీర్పు ఉండనే ఉంది. ప్రభుత్వ న్యాయవాదులు చేతులెత్తేసేది ఇక్కడే. కాబట్టి పరిశీలన పట్టికలో నిబంధన సంఖ్య, బిడ్‌లో పేజీ, లోపం, వివరణ అడిగారా లేదా అన్న నాలుగు గడులూ నింపి, కమిటీ సంతకాలతో అదే రోజు పోర్టల్లో పెట్టాలి. అడిగితే తిరస్కరణకు కారణం చెప్పి తీరాలని అదే ఆర్థిక నియమాల్లోని 173వ నియమం ఇప్పటికే అంటోంది. అడగకముందే చెప్పాలన్నది మా మాట. ధరల బిడ్లు తెరవడానికి ముందు వారం రోజులు ఆగి, ఈలోగా వచ్చిన అభ్యంతరాలకు రాతపూర్వకంగా బదులివ్వాలి.

గుత్తేదారులకూ ఒక మాట. షరతు నచ్చకపోతే బిడ్ వేయకముందే అడగాలి. పోటీలో దిగి ఓడాక అదే షరతును తప్పుపడితే కోర్టు వినడం అరుదు. అనర్హతపై వెళ్లేదుంటే ధరల బిడ్లు తెరవకముందే వెళ్లాలి. పని మరొకరికి దక్కాక వెళితే వారినీ ప్రతివాదిగా చేర్చాలి. అది మరిచిన పిటిషన్లు తొలి విచారణలోనే తడబడతాయి.